‘ఏటి మింగుతన్నావే?’ అని అడిగే పిన్ని

పిన్ని పోయిందని బాబాయి ఫోన్ చేసిన పొద్దున్న మల్కాపురం అంతా మంచులో మునిగి ఉంది. మా వంటింటి కిటికీలోంచి రోజూ కనిపించే రిఫైనరీ గొట్టాలు కనిపించడం లేదు. వాటి కొసన వెలిగే మంట మాత్రం ఏ ఆధారమూ లేనట్టు గాల్లో ఊగుతోంది.

“టీ ఇద్దామని లేపితే నెగనేదే గుంటా,” అన్నాడు బాబాయి. “సెయ్యి పట్టుకుంతే సల్లగున్నాది. నిద్దర్లోనే ఎలిపోనాది మీ పిన్ని.”

ఆ తర్వాత ఆయన ఫోన్ పెట్టెయ్యడం మరిచిపోయాడు. నేనూ పెట్టలేదు. వాళ్ళింట్లో ఎవరో గేటు తీసిన చప్పుడు వినిపించింది. కుళాయి కింద బిందె నిండి పొర్లుతున్న చప్పుడు కూడా. ఎవరూ వెళ్ళి కట్టడం లేదు. చాలాసేపు నేను ఆ నీళ్ళనే వింటూ నిలబడ్డాను. పిన్నిని ఎప్పుడు తలుచుకున్నా నాకు ముందు వినిపించేది నీళ్ళే కాబట్టి, ఆ చప్పుడు ఆగిపోతే ఆవిడ నిజంగా పోయినట్టవుతుందని అనిపించింది కాబోలు.

పిన్ని మా అమ్మకి చెల్లెలు. ఉక్కునగరం స్విమ్మింగ్ పూల్‌లో ఆడవాళ్ళకి ఈత నేర్పేది. ఆవిడ మాత్రం ఏ పూల్‌లోనూ నేర్చుకోలేదు. నాగావళి పక్క ఊళ్ళో, పొలంలోని దిగుడు బావిలో, ఎండిన సొరబుర్రలు వీపుకి కట్టి మా తాత నేర్పాడట. పెళ్ళయ్యి, బాబాయికి ప్లాంటులో ఉద్యోగం వచ్చి, ఇద్దరూ క్వార్టర్‌లో కాపురం పెట్టాక ఒకరోజు ఊరికే చూద్దామని పూల్‌కి వెళ్ళింది. మెడ లోతు నీళ్ళలోకి రాలేక మెట్ల దగ్గరే గుంపుగా నిలబడిన ఆడవాళ్ళని చూసి నవ్వొచ్చిందట. మర్నాడు వాళ్ళలో ఒకావిడ చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్ళింది. ఆ మర్నాడు ఇంకొకరిని. అలా కొన్నాళ్ళకి ఆడవాళ్ళ బ్యాచ్ మొత్తం ఆవిడదైపోయింది. పూల్ వాళ్ళు జీతమిచ్చి ఆ పని ఆవిడకే అప్పజెప్పారు.

పెళ్ళికి ముందు నేను దువ్వాడలో ఒక కాలేజీలో కామర్సు పాఠాలు చెబుతూ పిన్ని దగ్గరే ఉండేదాన్ని. తెల్లవారుతుండగా ఆవిడతో పాటు పూల్‌కి వెళ్ళేదాన్ని. చలికాలంలో నీళ్ళ మీద సన్నగా ఆవిరి లేచేది. పిన్ని ఆ ఆవిరిలోకి దిగుతుంటే నడుము దాకా కరిగిపోతున్నట్టు కనిపించేది. ఇవాళ్టికీ నా కలల్లోకి ఆవిడ అలాగే వస్తుంది, సగం మనిషి, సగం ఆవిరి.

“ఏటే అలా కొయ్యలాగ బిగుసుకుపోనావ్? మెడ వదిలీ,” అనేది.

“మునిగిపోతాను పిన్నీ.”

“మునగవు. నా సెయ్యి కిందుంది.”

వెల్లకిలా పడుకోబెట్టి, వీపు కింద అరచెయ్యి ఉంచేది. చెవులు నీళ్ళలో ఉంటే ఆవిడ మాట ఎక్కడో దూరంనుంచి, నా ఒంట్లోంచే వస్తున్నట్టు వినిపించేది. ఈత నేర్పేవాళ్ళు చాలామంది మనకి తెలియకుండా చెయ్యి తీసేసి, “చూశావా, నువ్వే తేలుతున్నావ్” అని ఆశ్చర్యపరుస్తారు. పిన్ని అలా చెయ్యలేదు. తీసే ముందు తప్పకుండా చెప్పేది. “తీసెత్తన్నాను” అని వినిపించాకే అరచెయ్యి కిందికి జారేది. ఒకరోజు ఎందుకలా అని అడిగాను.

“సెప్పకుండా తీసెస్తే అప్పుడు తేల్తావు. కానీ మరెప్పుడూ నా సెయ్యి నమ్మవు,” అంది.

ఏళ్ళ తరబడి క్లోరిన్ నీళ్ళలో నానడంతో పిన్ని ఒళ్ళు బాగా పొడిబారిపోయేది. మోచేతుల దగ్గర, కాళ్ళ మీద బీటలు తీసేది. కొబ్బరినూనె రాసినా కాసేపే. అప్పుడు బ్యాచ్‌లోని ఒకావిడ ఆవిడకి విటమిన్ ఈ క్యాప్సూల్స్ సంగతి చెప్పింది. కాకినాడనుంచి వచ్చి స్థిరపడినవాళ్ళు. వాళ్ళాయనా మా బాబాయీ ప్లాంటులో ఒకే విభాగంలో పనిచేసేవాళ్ళు. ఆవిడని నేను కాకినాడ అత్త అని పిలిచేదాన్ని. పిన్నికి ఆవిడంటే ప్రాణం. ఆవిడకి కాలేయంలో కొవ్వు చేరిందని డాక్టరు రోజుకొక క్యాప్సూల్ రాశాడు. వాడుతుంటే చర్మం కూడా నునుపెక్కిందని ఆవిడ అభిప్రాయం.

“మీరూ వేసుకోండక్కా,” అంది ఒకరోజు బట్టలు మార్చుకునే గదిలో. “విటమినే కదండీ, మందేం కాదు. ఏమవ్వదు. ఆయ్, నన్ను చూడండి.”

ఒక స్ట్రిప్ ఇచ్చింది. పిన్ని ఒక క్యాప్సూల్ తీసి వెంటిలేటర్‌లోంచి పడుతున్న ఎండకి ఎత్తి చూసింది. లేత ఆకుపచ్చగా, లోపల నూనె కదులుతూ, చూడ్డానికి ఎంత అందంగా ఉందో. “పచ్చి ద్రాచ్చ పండులాగుంది గదే,” అని నాకూ చూపించింది. ఆ రోజునుంచి పొద్దున్నే పూల్‌కి వెళ్ళేముందు, ఖాళీ కడుపున, ఒకటి మింగడం మొదలుపెట్టింది. కొన్నాళ్ళకి రెండు. ఒకటేసుకుంటేనే ఇంత బాగుంటే రెండేసుకుంటే ఇంకెంత బాగుంటుందో అని. తర్వాత తర్వాత స్నేహితురాలు ఇచ్చే పని కూడా లేకుండా తనే మందుల షాపులో కొనుక్కునేది. షాపువాడు అడిగిందీ లేదు, ఈవిడ చెప్పిందీ లేదు. బీరువాలో పౌడరు డబ్బా, కాటుక పక్కన ఆ స్ట్రిప్పులు ఉండేవి. మందుల డబ్బాలో ఎప్పుడూ పెట్టలేదు.

అలా చాలా కాలం గడిచింది. ఆవిడకి ఏమీ కాలేదు, అది నిజం.

ఆ మీదట పిన్ని గుండె లయ తప్పింది. ఉన్నట్టుండి గుండె పరిగెత్తినట్టుండేది, మెట్లెక్కితే ఆయాసం. బాబాయి ఆసుపత్రికి తీసుకెళ్ళాడు, నేనూ వెళ్ళాను. గుండె అలా కొట్టుకుంటే లోపల రక్తం గడ్డకట్టి, ఆ గడ్డ మెదడుకి వెళ్ళే ప్రమాదం ఉందని చెప్పి, రక్తం పలచన చేసే మాత్ర రాశారు. మధ్యమధ్యలో రక్తపరీక్షకి రమ్మన్నారు. అప్పుడు డాక్టరమ్మ అడిగింది:

“ఇంకేమైనా మందులు వాడుతున్నారా అమ్మా?”

“నేదండి,” అంది పిన్ని.

ఆ మాట అబద్ధం చెప్పాలని చెప్పింది కాదు. ఆవిడ లెక్కలో బీరువాలో ఉన్నవి మందులు కావు. నా లెక్కలోనూ కావు, బాబాయి లెక్కలోనూ కావు. ముగ్గురం ఆ గదిలోనే కూర్చుని ఉన్నాం, ముగ్గురిలో ఒక్కరికీ ఆ సంగతి గుర్తుకైనా రాలేదు.

కొద్ది వారాలకే పళ్ళు తోముకుంటే ఉమ్మిలో ఎరుపు కనిపించేదిట. చిగుళ్ళు మెత్తబడ్డాయిలే అనుకుంది. చేతుల మీద కమిలిన మచ్చలు వచ్చాయి. పూల్ గట్టుకి తగిలిందేమో అనుకుంది. మచ్చలు ముందు నేరేడుపండు రంగులో ఉండి, తర్వాత పాచి రంగుకి తిరిగేవి. “నీ ఒంటి మీద మేఘాలు పడుతున్నాయి పిన్నీ,” అని నేను నవ్వాను. తనూ నవ్వింది.

ఆ ఉదయం కూడా ఆవిరి లేస్తున్న నీళ్ళే. కొత్తగా చేరిన ఒకమ్మాయి వీపు కింద పిన్ని చెయ్యి ఉంచింది. నేను పక్క వరసలో ఉన్నాను. నీలం నీళ్ళలో ఎర్రటి దారమొకటి మెలికలు తిరుగుతూ విచ్చుకుంటోంది. ఎవరిదో బొట్టు కరుగుతోందనుకున్నాను. ఎంత మెల్లగా, ఎంత అందంగా కదిలిందంటే, దాన్ని చూస్తూ ఉండిపోయాను. అంతలో పిన్ని గొంతు మామూలుగానే వినిపించింది. “తీసెత్తన్నాను. బయపడకు. కాళ్ళు కింద పెట్టు, నిలబడు.” ఆ అమ్మాయిని నిలబెట్టి, గట్టు వైపు తోసి, అప్పుడు ముక్కుకి చెయ్యి అడ్డం పెట్టుకుంది. వేళ్ళ సందుల్లోంచి రక్తం ధారగా కారుతోంది.

గట్టు మీద కూర్చోబెట్టి ముక్కు నొక్కిపట్టుకున్నాం. తువ్వాలు తడిసింది. ఇంకో తువ్వాలు. కాకినాడ అత్త తన చున్నీ ఇచ్చింది, అదీ తడిసింది. ఎంత సేపు పట్టుకున్నా ఆగదే! ఆటోలో ఆసుపత్రికి తీసుకెళ్తుంటే పిన్ని నా భుజం మీద తల వాల్చి, “నిద్దరొత్తందే,” అంది. ఆ మాట వింటే నాకు ఎక్కడ లేని భయం పట్టుకుంది. కూర్మన్నపాలెం జంక్షన్, లారీలు, టీ బళ్ళు అన్నీ ఏదో గాజు వెనకాల జరుగుతున్నట్టు చప్పుడు లేకుండా వెళ్ళిపోయాయి. “పడుకోకు పిన్నీ, మాట్లాడు,” అంటూనే ఉన్నాను. “ఏటి మాట్లాడమంతావ్?” అంది. “ఏదైనా.” “ఆ కొత్త గుంటకి బాగా వత్తాదే ఈత,” అంది.

ముక్కులో దూది కూరి, ఇంజెక్షన్లు ఇచ్చి, పైనుంచి ఏదో పసుపచ్చటిది ఎక్కించారు. రక్తపరీక్ష చూసి డాక్టరమ్మ మొహం మారిపోయింది. మాత్ర రోజుకి ఎన్నిసార్లు వేసుకున్నారని అడిగింది. చెప్పినట్టే వేసుకుందని బాబాయి అన్నాడు. ఇంకేమైనా మందు వాడారా అంటే మళ్ళీ లేదనే అన్నాం. ఆవిడ వెళ్ళబోయి ఆగింది. మంచం అంచున కూర్చుని, పిన్ని చెయ్యి తన ఒళ్ళోకి తీసుకుని, కమిలిన మచ్చ మీద వేలితో తడుముతూ, ఇంకో రకంగా అడిగింది.

“మందు అనుకోకండమ్మా. బలానికనో, అందానికనో, ఎవరైనా చెప్పారనో, రోజూ నోట్లో వేసుకునేది ఏదైనా ఉందా? ఆకు, పొడి, గుళిక, కషాయం?”

పిన్ని ముక్కులో దూది మూలంగా లోతుగా వినిపించే గొంతుతో అంది:

“ఒంటికని ఆకుపచ్చయి ఏసుకుంతానండి. విటమిన్ ఈ. రోజుకి రెండు.”

డాక్టరమ్మ కళ్ళు మూసుకుని తెరిచింది. కోప్పడలేదు. వివరంగా చెప్పింది. ఆ విటమిన్ మనిషికి అవసరమే గాని, కావలసింది చాలా కొంచెం, అది మామూలు తిండిలోంచే దొరుకుతుంది. క్యాప్సూల్‌లో ఉండేది అంతకు ఎన్నో రెట్లు. పైగా నూనెలో కరిగే రకం కాబట్టి, ఎక్కువైనది చాలావరకు ఒంట్లోనే నిలవ ఉండిపోతుంది. మోతాదు పెరిగితే అది కూడా రక్తాన్ని గడ్డకట్టనివ్వదు. “మీ గుండె మాత్ర చేసే పనీ అదే కదా అమ్మా. రెండూ ఒకే వైపు లాగాయి. ఇదంతా క్యాప్సూల్స్ వల్లే అని ప్రమాణం చెయ్యలేను గాని, ఆ రెండింటినీ కలిపి నేనైతే ఎప్పటికీ ఇవ్వను. ఇవాళ ముక్కు కాబట్టి కనిపించింది. కడుపులోనో తలలోనో అయితే కనిపించేది కాదు.”

కిటికీ అవతల రైలు ఒకటి దువ్వాడ వైపు చాలాసేపు వెళ్ళింది. అది వెళ్ళిపోయాక పిన్ని, “నాను ఎందుకు సెప్పనేదో నాకే తెలీదండి,” అంది.

“మీరు చెప్పలేదని కాదు, మొదటిసారి నేను సరిగ్గా అడగలేదు,” అంది డాక్టరమ్మ.

పిన్ని ఆ మాటని జీవితాంతం మర్చిపోలేదు.

ఇంటికి వచ్చాక చాలా నీరసపడిపోయింది. వరండాలో పడక్కుర్చీలో కూర్చుని రోజంతా రోడ్డు వైపు చూసేది. పూల్ ఆడవాళ్ళంతా ఒకరి తర్వాత ఒకరు వచ్చి పలకరించి వెళ్ళారు. కాకినాడ అత్త మాత్రం రాలేదు. ఆసుపత్రికి వచ్చిన మొదటి రోజు గుమ్మం అవతలే నిలబడి డాక్టరమ్మ మాటలన్నీ విన్నదట. ఆ తర్వాత మాయమైంది. ఫోన్ ఎత్తదు. బాబాయి వాళ్ళాయన్ని అడిగితే, ఒంట్లో బాగోలేదని తల దించుకున్నాడు.

ఒక సాయంత్రం పిన్ని చీర మార్చుకుని, “పద,” అంది. ఎక్కడికని అడిగితే చెప్పలేదు. నా చెయ్యి పట్టుకుని, రెండు వీధుల అవతలున్న వాళ్ళ క్వార్టర్‌కి మధ్యమధ్యలో ఆగుతూ నడిచింది.

కాకినాడ అత్త తలుపు తీసి, పిన్నిని చూసి, అక్కడే గడప మీద కూలబడిపోయింది.

“నా చేతుల్తో ఇచ్చానక్కా! చేతులారా మిమ్మల్ని చంపుకునేదాన్నండీ! ఏ మొహం పెట్టుకుని రాను?”

పిన్నికి వంగడం కష్టం. అయినా ఆవిడ పక్కనే గడప మీద కూర్చుంది.

“నువ్విచ్చిన్నాటికి నా గుండె బాగానే ఉన్నాది. మద్దెలో నా ఒళ్ళు మారింది. మారిందని నీకేటి తెల్సు? ఒకటి ఇచ్చినావు నువ్వు, రెండు సేసింది నాను. డాక్టరుకి సెప్పవలసిన నోరూ నాదే. ఇందులో నీదేటుంది సెల్లీ?”

ఆవిడ ఏడుపు ఆపలేదు. ఆ ఏడుపులోనే ఇంకో సంగతి బయటపడింది. తన క్యాప్సూల్స్ అన్నీ చెత్తబుట్టలో పారేసిందట. వాటి మొహం చూస్తేనే వణుకొస్తోందట.

పిన్ని వెంటనే నిటారుగా కూర్చుంది. “నీకు డాక్టరు రాసినాడు కదా? కాలేయానికి?”

“రాశాడండీ. అయినా వద్దు. విషం అది.”

“ఇషం నేదు, ఏటీ నేదు. నీ ఒళ్ళు ఏరు, నా ఒళ్ళు ఏరు. రాసినాయన్ని అడక్కుండా ఏసుకోడం ఎంత తప్పో, అడక్కుండా మానీడమూ అంతే గదే. రేపు ఎల్దాం. నానూ వత్తాను.”

మర్నాడు ఇద్దరూ వెళ్ళారు. నడవలేని మనిషి, భయపడుతున్న మనిషిని తీసుకుని. ఆవిడ వాడే మందులన్నీ సంచిలో వేసుకెళ్ళి డాక్టరు బల్ల మీద పరిచారట. రక్తం పలచన చేసేవి ఏవీ ఆవిడ వాడటం లేదని చూసుకున్నాక, ఆ మోతాదే ఇంకొంత కాలం వాడి మళ్ళీ వచ్చి పరీక్ష చేయించుకోమన్నాడట డాక్టరు. ఖాళీ కడుపున వద్దన్నాడు. కాస్త నెయ్యో నూనో ఉన్న భోజనం చేశాక వేసుకుంటేనే ఒంటికి పడుతుందని, కొరక్కుండా నీళ్ళతో మింగాలని, ఒకరోజు మర్చిపోతే మర్నాడు రెండు వేసుకోవద్దని చెప్పాడు. పన్ను పీకించుకోవాలన్నా, ఏ ఆపరేషన్ అయినా, ముందుగా ఆ డాక్టర్లకి ఈ సంగతి చెప్పమన్నాడు. తిరిగొచ్చేటప్పుడు ఇద్దరూ చెరుకురసం తాగి వచ్చారు. గుమ్మంలో నిలబడిన బాబాయి వాళ్ళ మొహాలు చూసి, ఏమీ అడక్కుండా లోపలికెళ్ళి టీ పెట్టాడు.

చాలా నెలలకి, రక్తపరీక్షలు నిలకడగా వస్తున్నాయని, మెల్లగా ఈదవచ్చని డాక్టరమ్మ చెప్పింది. ఆ రోజు పిన్ని పూల్ మెట్ల దగ్గర నిలబడిపోయింది. బావిలో పుట్టినట్టుండే మనిషి, మోకాలి లోతు నీళ్ళ ముందు వణికింది. నీళ్ళలో ఆవిడకి ఇంకా ఆ ఎరుపు కనిపిస్తోందని నాకు అర్థమైంది, ఎందుకంటే నాకూ కనిపిస్తోంది.

కాకినాడ అత్త ముందు దిగింది. చెయ్యి చాపింది. పిన్ని వెల్లకిలా పడుకుంది. ఆవిడ వీపు కింద స్నేహితురాలి అరచెయ్యి. పొగమంచులో చింతచెట్టు ఆకులు రాలి నీళ్ళ మీద పడుతున్నాయి. కొంతసేపటికి కాకినాడ అత్త పిన్ని చెవి దగ్గరికి వంగి, తనకి నేర్పినట్టే, “తీసేస్తున్నానక్కా,” అంది. పిన్ని కళ్ళు మూసుకునే తలూపింది. చెవులు నీళ్ళలో ఉన్నాయి కదా, ఆ మాట ఆవిడకి ఏ లోతులోంచి వినిపించిందో.

అప్పటినుంచి పిన్నికి ఒక అలవాటు పట్టుకుంది. బ్యాచ్‌లో ఎవరు కొత్తగా చేరినా, నీళ్ళంటే భయమా అని అడిగాక రెండో ప్రశ్న అది. “ఏటి మింగుతన్నావే?” అడిగే తీరు చూస్తే దొంగతనంగా జంతికలు తింటుంటే పట్టుకున్నట్టుండేది. అమ్మాయిలు తడబడి, “ఏమీ లేదు మేడమ్,” అనేవారు. “మందు కాపోతే పోనీ. జుట్టుకి, మొహానికి, సన్నబడ్డానికి?” అప్పుడు ఒక్కొక్కటే బయటికొచ్చేవి. విని తను వైద్యం చెప్పేది కాదు. “మీ డాక్టరుకి ఇది తెల్సా?” అనడిగి ఊరుకునేది. తెలియదంటే తెలిసేదాకా వదిలేది కాదు. సింహాచలం కొండ మీద ప్రసాదం క్యూలో ఎవరో ముక్కూమొహం తెలియని ఆవిడ చేతి మీద కమిలిన మచ్చ చూసి కూడా ఇలాగే అడిగితే, బాబాయి సిగ్గుతో లడ్డూల కౌంటర్ దాకా పారిపోయాడు. ఆ ఆవిడ మాత్రం పిన్ని చెయ్యి పట్టుకుని చాలాసేపు మాట్లాడింది. కొందరు మొహం ముడుచుకునేవారు, నీకెందుకన్నవారూ ఉన్నారు. ఆవిడ పట్టించుకునేది కాదు. “అడిగించుకోడం నచ్చదు, నాకు తెల్సు. నాకూ నచ్చేది కాదు,” అనేది.

నా పెళ్ళి ముందు నేను కూడా ఆ ప్రశ్నకి దొరికాను. మొహం మెరవాలని ఒక స్ట్రిప్ కొని తెచ్చుకున్నాను. పిన్ని చూసి లాక్కుంటుందనుకున్నాను. లాక్కోలేదు. పక్కన కూర్చుని, “జ్ఞానదంతం తీయించుకోవాలన్నావ్ కదే ఈ వారం? ఆయనకి ఫోన్ సెయ్యి, ఇది ఏసుకోవచ్చేటో అడుగు,” అంది. చేశాను. పంటి డాక్టరు ఇప్పుడు వద్దే వద్దన్నాడు. పిన్ని వంటింట్లోకి వెళ్ళి, వేరుశనగ గుళ్ళు వేయించి, బెల్లం ముక్కతో సహా గిన్నెలో తెచ్చి నా ఒళ్ళో పెట్టింది. “ఇందులోనూ అదే ఉంటాదంట. దీనికైతే ఎవరికీ ఫోన్ సెయ్యక్కర్నేదు.” పెళ్ళి ఫోటోల్లో నా మొహం ఏమంత మెరవలేదు గాని, పక్కనే నిలబడిన పిన్ని మొహం చూస్తుంటే మాత్రం ఎవరికైనా నవ్వొస్తుంది. ఎవరినో ఏదో అడగబోతున్నట్టు నోరు సగం తెరిచి ఉంటుంది.

ఆ తర్వాత ఆవిడ చాలా ఏళ్ళు బతికింది. అరిగిన గుండెతోనే ఈదింది, నేర్పింది, అరిచింది, నవ్వింది. చివరికి ఆ గుండే ఒక తెల్లవారుజామున నిద్రలో ఆగింది. ఏ మందు పొరపాటూ లేదు, ఎవరి తప్పూ లేదని డాక్టరమ్మ స్వయంగా ఇంటికి వచ్చి బాబాయి చేతులు పట్టుకుని చెప్పింది.

నేను వెళ్ళేసరికి పూల్ ఆడవాళ్ళు అప్పటికే వచ్చి ఉన్నారు. కబురు నీళ్ళలో ఉండగా తెలిసిందట. తడి జుట్లతోనే వచ్చేశారు. వరండా గచ్చంతా వాళ్ళ పాదాల తడి. వాళ్ళ మధ్య పడుకున్న పిన్ని మొహం, వెల్లకిలా తేలుతున్నప్పుడు ఎలా ఉండేదో అలాగే ఉంది. మెడ పూర్తిగా వదిలేసి ఉంది. కాకినాడ అత్త ఆవిడ తల దగ్గర కూర్చుని ఏదో గొణుగుతోంది. దగ్గరికెళ్ళి వింటే ఏడుపు కాదు, తిట్లు. “చెప్పకుండా వెళ్ళారేంటండీ? నాకు చెప్పొద్దా?” అంటోంది, మళ్ళీ మళ్ళీ, చిన్నపిల్లలా.

ఇన్ని రోజులయ్యాక, పిన్ని గురించి రాద్దామని కూర్చుంటే, నాకు ఆ వరండా కన్నా ఆవిడని చివరిసారి చూసిన ఆదివారమే ఎక్కువ గుర్తుకొస్తోంది. ఆ రోజు సాయంత్రం డాబా మీద చాప వేసుకుని కూర్చున్నాం. సముద్రం వైపునుంచి గాలి వస్తోంది. పిన్ని కాకినాడ అత్త మోకాళ్ళ ముందు కూర్చుని తలకి నూనె పెట్టించుకుంటోంది. నాకేదో చెబుతూ చెబుతూ, ఆ వేళ్ళ కింద మాట మధ్యలోనే నిద్రపోయింది. తల ముందుకి వాలింది. సరిగ్గా అప్పుడే ప్లాంటు వైపు కొలిమిలోంచి తీసిన ఎర్రటి చిట్టెం ఒంపినట్టున్నారు, ఆకాశం ఆ మూలంతా నెమ్మదిగా ఎర్రబడింది. ఆ వెలుగులో పిన్ని తెల్లజుట్టు పాయపాయగా రాగి రంగుకి తిరిగింది. ఎక్కడ లేస్తుందోనని మేమిద్దరం మాట్లాడ్డం ఆపేశాం. కాకినాడ అత్త చేతులు గాల్లోనే ఆగిపోయాయి, పది వేళ్ళూ నూనెతో మెరుస్తున్నాయి.